వియత్నాము రుచితో ఇంట చేసికొను బర్గరు

బర్గరు అను పేరు నేడు పట్టణములలోని పిల్లలకు తెలియనిది కాదు. అడ్డముగా కోసిన గుండ్రని బన్ను, నడుమ వేయించిన ఖీమా బిళ్ల, దానిపై రెండు ఉల్లిచక్రములు, ఒక ఆకు, చివరకు తెల్లని చిక్కని మయొనైజు. దాని స్వరూపమింతే. జర్మనీలోని హాంబర్గు రేవు పేరును మోసికొని అమెరికాకు పోయి, అక్కడ బన్ను నడుమ చేరి, లోకమంతయు తిరిగి మన ఇంటి గడప దాకా వచ్చినది. 1996లో ఢిల్లీ నగరమున ఒక అమెరికా సంస్థ మొదటి అంగడి తెరచినప్పుడు మన దేశపు ఆచారమును మన్నించి గొడ్డుమాంసము విడిచిపెట్టి అమ్మవలసివచ్చినది. అనగా ఏ దేశమునకు పోయిన ఆ దేశపు మాట వినుట ఈ వంటకమునకు కొత్త కాదు.

నేటి ప్రసంగమున చెప్పదలచినది ఈ బర్గరునే, అయితే వియత్నాము దేశపు రుచితో, మన పాలమూరు ప్రాంతపు దినుసులతో ఇంట చేసికొను విధము. గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు ప్రాంతములలోని వంటింటికి, పది సముద్రముల ఆవలి వియత్నామునకు పొత్తేమిటని మీరు అడుగవచ్చును. పొత్తు ఉన్నది. వేరుశనగ, మిరప, కొత్తిమీర, పుదీన, నిమ్మ, బెల్లము, పులుపు: ఇవి లేని వంట వారికి లేదు, మనకును లేదు. వారి రుచిలో మనకు కొరవడినది ఒక్క చేపల ఊట మాత్రమే. దానికి కూడ ఉపాయము ఉన్నది.

ఇంట చేసికొనుటకు రుచి ఒక్కటే కారణము కాదు. బజారు బర్గరులో అపాయము పొంచియుండు తావులు రెండు ఉన్నవి: సగము ఉడికిన ఖీమా ఒకటి, పచ్చిగ్రుడ్డుతో చేసిన మయొనైజు రెండవది. ఈ రెంటిని మన చేతిలో ఉంచుకొనుటకు ఇంటి పొయ్యికి మించిన సాధనము లేదు. ఆ సంగతి ముందు ముందు విపులముగా చెప్పెదను.

మొదట వియత్నాము వారు రొట్టెను ఎట్లు తమదిగా చేసికొనిరో చెప్పవలెను. అది వరిపంట దేశము. గోధుమ అక్కడి నేలకు, వానకు సరిపడదు. 1859లో ఫ్రెంచివారు సైగాన్ నగరమును పట్టుకొన్న తరువాత వారితోపాటు పొడుగాటి ఫ్రెంచి రొట్టెయు వచ్చినది. పిండి ఓడల మీద రావలసినదే గనుక రొట్టె చాల కాలము దొరల బల్లల మీది వస్తువుగానే ఉండెను. వియత్నాము ప్రజలు దానికి పెట్టిన పేరు ‘బాన్ మీ’. గోధుమ రొట్టె అని దాని అర్థము. వెన్నకు, జున్నుకు, కాఫీకి కూడ వారు ఫ్రెంచి మాటలనే తమ నోటికి అనువుగా మలచుకొనిరి. మనము బిస్కత్తు, కాఫీ అన్నట్లే.

1954లో జెనీవా ఒడంబడికతో దేశము రెండుగా చీలినప్పుడు ఉత్తరము నుండి లక్షల మంది దక్షిణమునకు తరలిపోయిరి. ఆ వచ్చిన వారిలో కొందరు సైగాన్‌లో చిన్న అంగళ్లు పెట్టిరి. ఫ్రెంచివారు పళ్లెములో వేరువేరుగా పెట్టుకొని తిను రొట్టెను, మాంసమును, వెన్నను వీరు ఒక్క పొట్టి రొట్టెలో కూర్చి, చేత పట్టుకొని పనికి పోవుచు తినుటకు వీలుగా చేసిరి. 1958 నాటికే అట్టి అంగడి ఒకటి సైగాన్‌లో వెలసినది. అందులో ఊరవేసిన ముల్లంగి, గాజరగడ్డ, దోసకాయ ముక్కలు, కొత్తిమీర, పచ్చిమిరప చేరిన పిదప అది ఫ్రెంచి రొట్టె కాకపోయెను. 1975 ఏప్రిల్ నెలలో సైగాన్ పతనమైన పిమ్మట దేశము విడిచిన వారు అమెరికాకు, ఆస్ట్రేలియాకు, ఫ్రాన్సునకు ఆ రుచిని వెంట తీసికొనిపోయిరి. అక్కడ అది బర్గరుతో కలిసినది. అదే నేడు మనము చెప్పుకొను మిశ్రమ వంటకము.

మన తెలుగువారికి ఈ కథతో ఒక దూరపు చుట్టరికము లేకపోలేదు. యానాము 1954 వరకు ఫ్రెంచివారి ఏలుబడిలో ఉండెను. ఫ్రెంచి ఇండియా నుండి, ముఖ్యముగా పుదుచ్చేరి, కారైకాల్ ప్రాంతముల నుండి, అనేకులు సైగాన్‌కు ఉద్యోగులుగా, వర్తకులుగా పోయి స్థిరపడిరి. దక్షిణ వియత్నామున నేటికిని కోడిమాంసమును మసాలా పొడితో, కొబ్బరిపాలతో వండి ‘కా రీ గా’ అందురు. ఆ ‘కా రీ’ మన దక్షిణదేశపు కూరయే. దానిని వారు రొట్టెతో అద్దుకొని తిందురు. రుచులు ఒకవైపే ప్రయాణము చేయవు.

ఇక ఖీమా బిళ్లల మాట. అమెరికావాని బర్గరులో మాంసమే ప్రధానము. ఉప్పు, మిరియము తప్ప అందులో వేరొకటి పడదు. హనోయి నగరమున ‘బున్ చా’ అను వంటకము కలదు. సన్నగా కొట్టిన మాంసమును చిన్న బిళ్లలుగా చేసి బొగ్గుల మీద కాల్చి, చేపల ఊట, నిమ్మరసము, చక్కెర, వెల్లుల్లి కలిపిన పలుచని పులుసులో వేసి, బియ్యపు సేమ్యాతోను, గుప్పెడు పచ్చి ఆకులతోను తిందురు. 2016 మే నెలలో అమెరికా అధ్యక్షుడు ఒబామా హనోయిలో ఒక మామూలు హోటలులో ప్లాస్టిక్ ముక్కాలిపీట మీద కూర్చుండి దీనిని తినుటచే దీని పేరు లోకమంతయు వినబడెను. వారు వాడునది పందిమాంసము. మనము మేక ఖీమా గాని కోడి ఖీమా గాని తీసికొనవచ్చును. మన బర్గరులోని బిళ్లకు ఈ బున్ చా యే తల్లి అనుకొనుడు.

చేపల ఊటను వియత్నాములో ‘నువొక్ మామ్’ అందురు. సముద్రపు చిన్న చేపలను ఉప్పుతో కలిపి, పెద్ద కొయ్య తొట్లలో సంవత్సరము దాకా ఉంచగా దిగు ఎర్రని నీరు అది. ఫూ క్వోక్ ద్వీపము, ఫాన్ థియెట్ పట్టణము దీనికి పేరుపొందినవి. వాసన తీవ్రము, మొదట ముక్కు మూసికొనని వాడు అరుదు. వంటలో పడిన తరువాత వాసన అణగి, మాంసపు రుచి ఇనుమడించును. మాంసకృత్తులు విడిపోయి ఏర్పడు గ్లుటమేటు అను లవణము అందులో మెండుగా ఉండుటయే దీనికి కారణము. హైదరాబాదు అంగళ్లలో సీసాలలో దొరకును. మన ఊళ్లలో దొరకనిచో విచారింపనక్కర లేదు. సంతలో కొన్న ఎండురొయ్యలు ఒక గుప్పెడు తీసికొని, తల తోక త్రుంచి, పెనము మీద దోరగా వేయించి, గ్లాసెడు నీటిలో చిన్న చెంచా ఉప్పుతో సగమగువరకు మరగించి వడకట్టుకొనుడు. ఇది నువొక్ మామ్ కాదు, కాని దాని పని చేయును. ఎండుచేపలు, ఎండురొయ్యలు సంతలలో కొనుట మనవైపు తరతరాల అలవాటే. ఆ వాసనకు మనము భయపడు జాతివారము కాము.

ఇప్పుడు పనిలోనికి దిగుదము. ఆరు బర్గరులకు కావలసిన కొలతలు చెప్పుచున్నాను.

బన్నులు బేకరీలో కొన్నను తప్పు లేదు. తీపి లేనివి, ఆనాడు కాల్చినవి అడిగి తీసికొనుడు. ఇంట చేసికొనదలచిన వారు మూడువందల గ్రాముల మైదా, అరువది గ్రాముల జొన్నపిండి కలుపవలెను. జొన్నపిండి ఎందుకనగా, దాని తీపి కలిగిన మట్టిరుచి వేయించిన మాంసమునకు చాల ఇంపుగా ఉండును. నడిగడ్డ రైతు ఇంట జొన్నరొట్టె తిన్నవారికి ఇది వేరుగా చెప్పనక్కర లేదు. అయితే జొన్న ఒక్కటే బన్నుకు పనికిరాదు. గోధుమలో నీరు తగిలినంతనే సాగు గ్లూటెన్ అను బంక ఉన్నది. పులిసిన పిండిలో పుట్టు గాలి బుడగలను ఆ బంకయే పట్టి నిలుపును. జొన్నలో అది లేదు. అందుచేతనే జొన్నరొట్టెను వేడినీటితో పిండి కలిపి చేత తట్టవలెను గాని కర్రతో సాగదీయలేము. అయిదు పాళ్ల మైదాకు ఒక పాలు జొన్న మించినచో బన్ను గట్టిపడును.

ఈ పిండిలో ఒక చిన్న చెంచా పొడి ఈస్టు, పెద్ద చెంచా చక్కెర, చిన్న చెంచా ఉప్పు వేసి, గోరువెచ్చని పాలు రెండువందల ఇరువది మిల్లీలీటర్ల దాకా పోయుచు కలిపి, రెండు పెద్ద చెంచాల పల్లీనూనె చేర్చి పది నిమిషములు బాగుగా పిసుకవలెను. పాలు చేతికి వెచ్చగా ఉండవలెనే గాని కాలరాదు; కాలినచో ఈస్టు చచ్చును. తడిగుడ్డ కప్పి ఉంచిన పిండి శీతకాలమున గంటన్నరకు, మన ప్రాంతపు మే నెల ఎండలలో మూడుపావు గంటకే రెట్టింపగును. ఎండాకాలమున గడియారమును గాక పిండిని చూచి నడువుడు; మీరు మరచినచో పులిసి, వాసన వేయును. ఆరు ఉండలు చేసి, మరల అరగంట ఉబ్బనిచ్చి, పైన పాలు రాసి నువ్వులు చల్లి, ఓవెనులో నూటఎనుబది డిగ్రీల సెంటిగ్రేడు వేడిలో ఇరువది నిమిషములు కాల్చవలెను. ఓవెను లేనివారు మందపు అడుగు గల గిన్నెలో రెండు వేళ్ల ఎత్తున ఉప్పు పోసి, మూత పెట్టి పది నిమిషములు కాచి, లోపల చిన్న పీట వంటిది ఉంచి, దాని మీద పళ్లెము పెట్టి కాల్చుకొనవచ్చును. అప్పుడు అరగంట పట్టును, పై భాగము అంతగా ఎర్రబడదు. రుచికి లోపము లేదు.

బిళ్లలకు అరకిలో ఖీమా కావలెను. మేక ఖీమా అయినచో కొంచెము కొవ్వు ఉండునట్లు కొట్టించుడు. కోడి అయినచో రొమ్ము కన్న తొడ మాంసము మేలు. బొత్తిగా కొవ్వు లేని మాంసము ఎండి పీచగును. అందులో సన్నగా తరిగిన ఉల్లిగడ్డ ఒకటి, ఎల్లిగడ్డ నాలుగు రెబ్బలు, చిన్న అల్లము ముక్క, రెండు పచ్చిమిరపకాయలు, అర చెంచా మిరియాల పొడి, ఒక చెంచా బెల్లపు పొడి, ఒక పెద్ద చెంచా బియ్యపు పిండి, చేపల ఊట గాని మనము కాచిన రొయ్యల నీరు గాని రెండు పెద్ద చెంచాలు కలుపుడు. ఉప్పు చివర రుచి చూచుకొని వేయవలసినది కాదు, పచ్చిమాంసము నోట పెట్టరాదు గనుక. చేపల ఊట వాడినప్పుడు వేరుగా ఉప్పు చాల తక్కువ, రొయ్యల నీరైనచో చిన్న చెంచా మాత్రము చాలును. సందేహమున్నచో నిమ్మకాయంత ముద్దను ముందుగా వేయించి చూడుడు.

నిమ్మగడ్డి ఈ రుచికి ఆయువుపట్టు. పెరటిలో తేనీటి కొరకు పెంచుకొనువారు ఇప్పుడు పెక్కుమంది. ఆకు గాక అడుగున తెల్లగా, లేతగా ఉండు భాగమును అతిసన్నగా తరిగి పెద్ద చెంచాడు వేయవలెను. లావుగా తరిగిన ముక్క పంటి క్రింద పుల్లవలె తగులును. అది లేనిచో నిమ్మకాయ పైతొక్కను పచ్చని భాగము మాత్రము కోరి వేయుడు. తెల్లని పొర చేదు.

ఈ ముద్దను చేతితో అయిదారు నిమిషములు పిసుకవలెను. అమెరికా పద్ధతిలో మాంసమును తాకితాకనట్లు వదులుగా బిళ్ల కట్టుదురు. వారికి అది పొడిపొడిగా విడవలెను. వియత్నాము వారికి అది పంటి క్రింద సాగి తిరిగి లేచునట్లు ఉండవలెను. ఉప్పు తగిలి పిసికినకొలది మాంసములోని మాంసకృత్తులు కొంత కరిగి ఒకదాని నొకటి పట్టుకొనును. నాకు రెండవ పద్ధతియే నచ్చును. కబాబు తిన్న నాలుకకు అది దగ్గర. అరగంట చల్లని చోట ఉంచి, ఆరు బిళ్లలు చేసి, బన్ను కన్న కొంచెము వెడల్పుగా, వేలెడు మందమునకు మించకుండ తట్టి, నడుమ బొటనవేలితో గుంట నొక్కుడు. వేగునప్పుడు అంచులు ముడుచుకొని నడుమ ఉబ్బును. గుంట ఉన్నచో సమముగా వచ్చును.

కుంపటి ఉన్న ఇండ్లవారు నిప్పుల మీద జల్లెడ వంటి ఇనుప పళ్లెము పెట్టి కాల్చుకొనుట అన్నిటికన్న మేలు. కొవ్వు నిప్పుల మీద చుక్కలు చుక్కలుగా పడి లేచు పొగలోనే బున్ చా పరిమళము ఉన్నది. లేనిచో మందపు పెనము, పల్లీనూనె. మంట మధ్యమముగా ఉండవలెను. బెల్లము చేరినది గనుక పెద్ద మంటలో పైన నల్లబడి లోపల పచ్చిగా నిలుచును. ఒక్కొక్క వైపు అయిదు నిమిషములు, పిదప మూత పెట్టి మరి మూడు నిమిషములు.

ఇచ్చట ఒక మాట నిలిచి చెప్పవలెను. మాంసపు ముక్కలో రోగక్రిములు సాధారణముగా పైపొరనే ఉండును. పైన కాగినంతనే నశించును. ఖీమా కొట్టునప్పుడు పైపొర లోపలికి, లోపలి భాగము పైకి కలిసిపోవును. అందుచేత ఖీమా బిళ్ల నడిమధ్య వరకు వేడి చేరి తీరవలెను. మేక ఖీమా నడుమ డెబ్బదియొక్క డిగ్రీలు, కోడి ఖీమా నడుమ డెబ్బదినాలుగు డిగ్రీల సెంటిగ్రేడు చేరవలెనని ఆహారశాస్త్రజ్ఞుల నిర్ణయము. వంటకు వాడు సూది ఉష్ణమాపకము ఇప్పుడు కొద్ది వెలకే దొరకుచున్నది. రంగు ఒక్కటే చూచి నమ్మరాదు. ఒక్కొక్కప్పుడు ఖీమా వేడి చాలకముందే గోధుమవన్నెకు తిరుగును. ఉష్ణమాపకము లేనివారు బిళ్లలను పలుచగా చేసి, మూత పెట్టి మగ్గించుటలో తొందరపడకుండవలెను. పచ్చి ఖీమా తాకిన కత్తిని, పీటను, చేతులను సబ్బుతో కడుగకుండ కొత్తిమీర తరుగరాదు. కొత్తిమీర పచ్చిగా తినబోవుచున్నాము కదా.

ఊరవేసిన కూరలు లేనిదే ఇది వియత్నాము బర్గరు కాదు. గాజరగడ్డలు రెండు, ముల్లంగి ఒకటి, అగ్గిపుల్లలంత సన్నగా తరిగి, చిన్న చెంచా ఉప్పు, చెంచా చక్కెరతో నలిపి పావుగంట ఉంచుడు. నీరు దిగి, ముక్క వంచిన విరుగక వంగును. అప్పుడు చన్నీట కడిగి పిండి, నూరు మిల్లీలీటర్ల సిర్కా, అంతే నీరు, మూడు పెద్ద చెంచాల చక్కెర కరగించిన రసములో మునుగునట్లు గంటసేపు ఉంచవలెను. ముల్లంగి సీసా మూత తీసినప్పుడు వాసన వేయును, చెడిపోయినదని భయపడవలదు. శీతలపేటికలో వారము దినములు నిలుచును. దీనిని మన ఊరగాయతో పోల్చరాదు. నూనె లేదు, కారము లేదు, నిలువ శక్తి తక్కువ. దాని పని వేరు. కొవ్వుతో బరువెక్కిన నోటిని కడిగి మరల ఆకలి పుట్టించుట.

చైత్ర వైశాఖములలో ముల్లంగికి బదులు పచ్చిమామిడి వేయుడని నా సలహా. కొల్లాపురము తోటల మామిడి పండునకు పేరుపొందినది గాని, ఆ కాయయే పచ్చిదై, సన్నగా తరిగి, ఉప్పు, బెల్లము, ఎర్రకారము చల్లినప్పుడు సిర్కాతో పని లేదు. వియత్నాము వారును పచ్చిమామిడిని చేపల ఊటలో ముంచి ఇష్టముగా తిందురు. ఈ మార్పు వారికి ఆక్షేపణీయము కాబోదు.

ఇక మయొనైజు. పచ్చి గ్రుడ్డుసొనను నూనెతో గిలకొట్టి చేయు ఈ పదార్థము వియత్నాము రొట్టెలో కూడ వాడుదురు. గ్రుడ్డులో సాల్మొనెల్లా అను క్రిమి ఉన్నచో, వేడి తగలదు గనుక, అది వేసవి గాలిలో గంటలకొలది నిలిచి పెరుగును. 2024 అక్టోబరులో హైదరాబాదు నగరమున మోమోలు తిన్న వారు పలువురు అస్వస్థులై, ఒక స్త్రీ మరణించిన పిమ్మట, తెలంగాణ ప్రభుత్వము అక్టోబరు 30వ తేదీ నుండి ఒక సంవత్సరము పాటు పచ్చిగ్రుడ్డు మయొనైజు తయారీని, అమ్మకమును నిషేధించినది. కేరళ ప్రభుత్వము 2023 జనవరిలోనే అట్టి నిషేధము విధించెను. తమిళనాడు 2025లో విధించినది. వియత్నాములో సైతము 2024 మే నెలలో డాంగ్ నై రాష్ట్రమున ఒక అంగడి రొట్టెలు తిని అయిదువందల మందికి పైగా ఆసుపత్రి పాలైరి. అది తెలియకుండ ఆ రొట్టెను పొగడుట న్యాయము కాదు.

మనకు మయొనైజు అవసరమే లేదు. పల్లీలు ఉన్నవి. యాసంగిలో వనపర్తి, గద్వాల, నాగర్‌కర్నూలు చేలు వేరుశనగతో నిండును. తెలంగాణలో ఈ పంటకు ఈ ప్రాంతమే పేరు. బస్తాలు మార్కెట్టుకు పోవును, మిల్లులలో నూనెయగును. ఇంట మిగిలినది అల్పాహారపు చట్నీకి, పిల్లల పల్లీపట్టీకి. అదే పల్లీని దక్షిణ వియత్నాము వారు దంచి, చిక్కని ముంపుడు రసముగా చేసి, ఆకు చుట్టలతో అతిథులకు పెట్టుదురు. నూరు గ్రాముల పల్లీలను సన్నని సెగ మీద ఓపికగా వేయించి పొట్టు నలిపి, రెండు ఎండుమిరపకాయలు, రెండు ఎల్లిగడ్డ రెబ్బలు, చెంచా బెల్లము, ఉసిరికాయంత చింతపండు గుజ్జు, ఉప్పు చేర్చి, వేడినీరు కొంచెము కొంచెముగా పోయుచు వెన్నవలె నూరుడు. పల్లీలలో సగమునకు సగము నూనెయే గనుక వేరుగా నూనె పోయనక్కర లేదు. చల్లారిన పిదప అరచెక్క నిమ్మరసము. మన పల్లీచట్నీ కన్న ఇది చిక్కన, పులుపు తీపి ఒక పాలు ఎక్కువ. అంతే తేడా.

పల్లీలను ఏరుటలో మాత్రము అశ్రద్ధ పనికిరాదు. 1960లో ఇంగ్లండులో లక్షకు పైగా టర్కీ కోళ్లు కారణము తెలియక చచ్చినవి. వెదకగా వాటికి పెట్టిన వేరుశనగ పిండిలో ఒక బూజు విషము బయటపడినది. దానికి అఫ్లాటాక్సిన్ అని పేరు పెట్టిరి. కాయ ముదురు దశలో నీటి ఎద్దడి తగిలినను, కోసిన కాయ సరిగా ఎండక తేమతో బస్తాకెక్కినను ఈ బూజు పట్టును. వేయించినను, ఉడికించినను ఆ విషము పూర్తిగా పోదు. కాలేయమునకు కీడు చేయును. కావున ముడుతపడినవి, నల్లబడినవి, బూజు మచ్చ గలవి, నోట వేసినంతనే చేదు తగులునవి ఏరి పారవేయవలెను. ఒక్క చేదు గింజ గిన్నెడు చట్నీని పాడుచేయునని మన పెద్దలు రుచి కొరకు చెప్పిరి గాని, ఆరోగ్యమునకును అదియే సరియైన మాట. పల్లీ పడని పిల్లలు కొందరుందురు. పొరుగువారి పిల్లలకు పెట్టునప్పుడు వారి తల్లిదండ్రులను అడిగి పెట్టుడు.

మాంసము ముట్టని ఇండ్లవారు నిరాశ చెందనక్కర లేదు. వియత్నామున బౌద్ధులు పెక్కుమంది చాంద్రమాసపు మొదటి దినమున, పదునైదవ దినమున శాకాహారమే తిందురు. వారికి సోయా పనీరు, పుట్టగొడుగులు. మనకు బొబ్బర్లు. రెండువందల గ్రాముల బొబ్బర్లను నానబెట్టి, మెత్తబడునట్లు ఉడికించి, నీరు పూర్తిగా వార్చి, వేయించి కచ్చాపచ్చాగా దంచిన పల్లీలు నూరు గ్రాములు, ఉడికిన ఆలుగడ్డ ఒకటి, ముందు చెప్పిన ఆకులు దినుసులు కలిపి బిళ్లలు చేయుడు. చేపల ఊటకు బదులు సోయా రసము రెండు చెంచాలు. నీరు మిగిలినచో బిళ్ల పెనము మీద విడిపోవును. అప్పుడు బియ్యపు పిండి మరికొంత చేర్చవలెను.

జూరాల జలాశయపు చేపలు అందుబాటులో ఉన్న గద్వాల వారికి నేను చేప బిళ్లనే సిఫారసు చేయుదును. బొచ్చె, రవ్వ చేపలలో కండ నడుమ సన్నని ముళ్లు చాల ఉండును గనుక పిల్లలకు పెట్టు బర్గరుకు అవి తగవు. కొర్రమీను కండ గట్టిది, ముళ్లు తక్కువ. దానిని చర్మము తీసి దంచి, నిమ్మగడ్డితో, సోయకూరతో కలిపి వేయించినచో హనోయి వారి పసుపు చేప వంటకమునకు దగ్గరి చుట్టమగును. అందులో పసుపు, సోయకూర విడదీయరాని జంట.

కూర్చుటలో క్రమము ఉన్నది. బన్నును కోసి లోపలి ముఖములను పెనము మీద వెన్నతోగాని నూనెతోగాని ఎర్రగా కాల్చుడు. లేనిచో రసము పీల్చి ముద్దయగును. క్రింది భాగమున పల్లీ ముద్ద దట్టముగా రాయవలెను. దానిపై వేడి బిళ్ల. బిళ్లపై దోసకాయ పలుచని చక్రములు, చేతితో బాగుగా పిండిన ఊర కూరలు, పచ్చిమిరప చీలికలు. చివరగా కొత్తిమీర కాడలతో సహా, పుదీన ఆకులు. ఆకును అలంకారముగా రెండు రెబ్బలు ఉంచుట కాదు, గుప్పెడు పెట్టవలెను. అక్కడి భోజనములో ఆకు కూరయే గాని సింగారము కాదు. పైన ఒక చెంచా దంచిన పల్లీలు చల్లి, మూత పెట్టి అరచేతితో మెల్లగా నొక్కి వెంటనే తినవలెను. బిళ్ల వేడిగా, కూరలు చల్లగా ఉన్నప్పుడే దీని సొగసు. పిల్లల బడి డబ్బాకు ఇది తగదు. బిళ్లను, ఆకులను, బన్నును ఒక్కటిగా మూసి మధ్యాహ్నము వరకు వెచ్చని సంచిలో ఉంచుట ఆరోగ్యమునకు మంచిది కాదు, రుచియు నిలువదు.

మిగిలిన వేగని బిళ్లలను నడుమ వెన్నకాగితము వేసి శీతలపేటికలోని గడ్డకట్టు అరలో ఉంచినచో నెల దినములు నిలుచును. వండబోవు ముందునాటి రాత్రి క్రింది అరకు దింపుకొనవలెను. మిగిలిన పల్లీ ముద్దను మరునాడు నీటితో పలుచన చేసి ఇడ్లీలో నంజుకొనుడు. ఊర కూరలు జొన్నరొట్టెతో, ఉల్లిగడ్డకు బదులుగా, చాల బాగుండును.